కదిలే బొమ్మ కథ – 8వ భాగం: 24, 25, 50

రెండున్నర గంటల సినిమా చూసి హాల్లోంచి బయటపడిన మనిషి, అందులో గంటకు పైగా కటిక చీకట్లోనే కూర్చున్నాడంటే నమ్మడు. రీళ్ళ కాలంలో జరిగింది అదే. ఫిల్ము మీది బొమ్మ లెన్సు ఎదటికి వచ్చి ఆగాలి. వెలుగు పడాలి. తరవాత అది కిందికి జరిగి ఇంకో బొమ్మకు చోటివ్వాలి. జరిగేటప్పుడు కూడా వెలుగు పడితే తెర మీద చారలు తప్ప ఏమీ కనపడవు. అందుకే ఆ క్షణంలో ఒక రెక్క అడ్డు తిరిగి దీపాన్ని మూసేస్తుంది. అదే షట్టరు. సెకనుకు 24 సార్లు ఇలా చీకటి కమ్మితే కంటికి మినుకుమినుకుమంటుంది. అది పోవడానికి షట్టరుకు రెండో రెక్క పెట్టి, బొమ్మ నిలబడి ఉన్నప్పుడు కూడా ఒకసారి వెలుగును తుంచారు. ఒక్కో బొమ్మ రెండేసి సార్లు మెరిసి సెకనుకు 48 మెరుపులయ్యాయి. చీకటిని ఇంకా పెంచితేనే మినుకు తగ్గింది! ఈ సంగతి తెలిసినప్పటి నుంచీ నాకు ప్రొజెక్టరు చేసినవాళ్ళ కన్నా దాన్ని చూసే కంటి మీదే గౌరవం ఎక్కువ.

2024 ఫిబ్రవరి 2న కోనసీమ ఊరి పేరును తన పేరులో పెట్టుకుని ‘అంబాజీపేట మ్యారేజి బ్యాండు’ సినిమా విడుదలైంది. హాళ్ళకు అది కంప్యూటరు ఫైలుగా వెళ్ళింది. రీలు లేదు, షట్టరు లేదు, తెగిన ఫిల్మును అతికే ఆపరేటరు లేడు. ఇవన్నీ పోయినా హాల్లో సినిమాకు 24 అనే అంకె మాత్రం పోలేదు. ఆ అంకె ఎక్కణ్ణుంచి వచ్చింది? టీవీలోకి వచ్చేసరికి 25 ఎందుకైంది? పెళ్ళి వీడియోలో 50 ఎందుకైంది? ఈ భాగమంతా ఈ మూడు అంకెల కథే. నా అభిప్రాయం ముందే చెబుతాను. వీటిలో ఏదీ కన్ను కోరి పెట్టుకున్న అంకె కాదు. ఫిల్ము ఖరీదు, చెవి, కరెంటు తీగ కలిసి పెట్టినవి. కన్ను ఒప్పుకుంది, అంతే.

కిందటి భాగంలో తోలుబొమ్మలాట దగ్గర ఆగాం. కాకినాడ దగ్గరి మాధవపట్నం కళాకారులు తెర వెనక ఆడించే హనుమంతుడు నిజంగానే కదులుతాడు. తోలు కదిలితే నీడ కదులుతుంది. ఆ కదలికలో ఎక్కడా ఖాళీ లేదు. సినిమా తెర మీద అలా కదిలేది ఏదీ లేదు. నిలబడిన బొమ్మ, చీకటి, కాస్త తేడాగా నిలబడిన ఇంకో బొమ్మ, మళ్ళీ చీకటి. మరి పౌరాణికాల్లో రథం ఎలా పరుగెత్తింది?

బడి పుస్తకం చెప్పే జవాబు దృష్టి నిలకడ. కంటి మీద పడిన బొమ్మ సెకనులో 16వ వంతు సేపు చెరిగిపోకుండా ఉంటుందనీ, అందువల్లే విడి బొమ్మలు కలిసిపోయి కదులుతున్నట్టు ఉంటాయనీ మనమంతా చదువుకున్నాం. ఈ మాటకు మూలంగా 1824లో లండన్ వైద్యుడు పీటర్ మార్క్ రోజెట్ చదివిన పత్రాన్ని చూపిస్తారు. ఆయన నిజానికి సినిమా గురించి ఏమీ చెప్పలేదు, చెప్పే అవకాశమూ లేదు. నిలువు సందుల్లోంచి చూస్తే పరుగెత్తే బండి చక్రపు ఆకులు వంగినట్టు ఎందుకు కనపడతాయన్నది ఆయన ప్రశ్న. దాన్ని తెచ్చి సినిమాకు అతికించింది తరవాతివాళ్ళు.

ఆ జవాబులో సగమే నిజం. వెలుగు ముద్ర కాసేపు నిలుస్తుంది కాబట్టి మధ్యలో చీకటి మనకు తెలియదు. అంతవరకు సరే. అయితే బొమ్మలు కేవలం నిలిచిపోయేవే అయితే ఒకదాని మీద ఒకటి పడి కలగాపులగం కావాలి. పరుగెత్తే గుర్రానికి ఇరవై కాళ్ళు కనపడాలి. అలా కనపడటం లేదు. నాలుగు కాళ్ళే కనపడతాయి, అవి పరుగెత్తుతాయి. అంటే వెలుగు నిలవడం ఒకటీ, కదలిక పుట్టడం ఇంకొకటీ.

ఆ రెండోదాన్ని గట్టిగా పట్టుకున్నవాడు జర్మనీ మనస్తత్వ శాస్త్రవేత్త మాక్స్ వెర్థైమర్. 1912లో అచ్చయిన ఆయన పరిశోధనలో పరికరం చాలా చిన్నది. ఒక గీత మెరుస్తుంది, ఆరిపోతుంది. కొంచెం పక్కన ఇంకో గీత మెరుస్తుంది. రెంటికీ మధ్య సెకనులో అయిదో వంతు వ్యవధి ఉంటే ఒకదాని తరవాత ఒకటి వెలిగినట్టు తెలుస్తుంది. ముప్పై మిల్లీసెకన్లే ఉంటే రెండూ ఒకేసారి వెలిగినట్టుంటుంది. అరవై మిల్లీసెకన్ల దగ్గర మాత్రం రెండు గీతలు ఉండవు. ఒకే గీత ఇక్కణ్ణుంచి అక్కడికి జరుగుతుంది! జరిగిందేమీ లేదని తెలిసినవాడికి కూడా అలాగే కనపడుతుంది. అంటే కదలికను చూడటమన్నది, స్థలాలను చూసి మనసులో వేసుకునే లెక్క కాదు. రంగును చూసినట్టే అదీ నేరుగా చూడటమే.

దీనికి ఇంకా గట్టి సాక్ష్యం 1983లో మ్యూనిక్ వైద్యులు వివరించిన ఒక స్త్రీ కథ. మెదడు వెనక భాగం దెబ్బతిన్న ఆమెకు రంగులు తెలుస్తాయి, మనుషులు తెలుస్తారు, చదవగలదు. కదలిక ఒక్కటే పోయింది. కప్పులో టీ పోస్తుంటే ధార గడ్డకట్టినట్టు నిలబడి కనపడేది. కప్పు నిండుతున్నదని తెలిసేది కాదు. దూరంగా ఉన్న కారు, ఆమె రోడ్డు దాటబోయేసరికి మీదికి వచ్చేసి ఉండేది. కదలికను చూడటానికి మెదడులో విడిగా ఒక తావు ఉందని కోతుల మీద పరిశోధనల్లో అప్పటికే తెలిసింది. అది మనిషిలో పోతే ఎలా ఉంటుందో ఆమె వల్ల తెలిసింది. సినిమా నడిచేది ఆ తావును నమ్ముకుని.

నమ్ముకుంది కాబట్టే దానికి ఎంత తక్కువ పెడితే సరిపోతుందో చూశారు. మూకీల రోజుల్లో కెమెరాను చేత్తో తిప్పేవారు. పిడి ఒక చుట్టుకు 8 బొమ్మలు, సెకనుకు రెండు చుట్లు, అంటే 16. ఫిల్ము ఖరీదైన సరుకు. అంతకన్నా ఎక్కువ పెడితే నిర్మాతకు నష్టం. అయినా ఆ 16 ఎవరూ ఖచ్చితంగా పాటించలేదు. కెమెరామన్ చెయ్యి ఒకలా తిరిగేది, హాల్లో ప్రొజెక్టరు ఇంకోలా తిరిగేది. రోజుకు ఇంకో ఆట పడాలంటే యజమాని వేగం పెంచేవాడు. మనుషులు కాస్త హడావిడిగా నడిచేవారు. కన్ను సర్దుకునేది.

చెవి అలా సర్దుకోదు. గ్రామఫోను పళ్ళెం వేగం కొంచెం మారితే గొంతు మారిపోతుందని అందరికీ తెలుసు. మన సినిమాకు ఆద్యుడు రఘుపతి వెంకయ్య చేతికి మొదట వచ్చిన యంత్రంలోనే ఈ పేచీ ఉంది. మద్రాసులో ఫొటో స్టూడియో నడిపిన ఆయన 1910 ప్రాంతంలో ఫ్రాన్సు గోమాంట్ కంపెనీ వారి క్రోనోమెగాఫోను కొన్నారు. ఫిల్ము ఒక పక్క, పాట పళ్ళెం ఒక పక్క. రెంటినీ జతగా నడిపి, గాలి ఒత్తిడితో గొంతు పెంచే యంత్రం అది. దాన్ని పట్టుకుని బర్మా, సింహళం తిరిగారు. మద్రాసు మౌంటు రోడ్డులో గెయిటీ హాలు కట్టారు. ఆయన కొడుకు ప్రకాశ్ 1921లో ‘భీష్మ ప్రతిజ్ఞ’ మూకీ తీశారు. మూకీ యుగం మన దగ్గర మొదలు కాకముందే మాట్లాడే బొమ్మల యంత్రంతో ఊళ్ళు తిరిగిన మనిషి వెంకయ్య. ఆయన్ను పితామహుడని అవార్డుకు పేరు పెట్టి తలుచుకుంటాం. ఆయన యంత్రం గురించి మాత్రం ఎవరూ మాట్లాడరు. అది నాకు లోటుగానే ఉంటుంది.

1926–27 ప్రాంతంలో అమెరికాలో శబ్దచిత్రాలు స్థిరపడినప్పుడు వేగాన్ని ఒక అంకె దగ్గర కట్టెయ్యక తప్పలేదు. హాళ్ళు అప్పటికే 16 దాటి వేగంగా నడుపుతున్నాయి. వాటికి దగ్గరగా, లెక్కకు వీలుగా 24 పెట్టారు. 35 ఎం.ఎం. ఫిల్ములో అడుగుకు 16 బొమ్మలు, అంటే నిమిషానికి 90 అడుగులు. తక్కువైతే మాట బొంగురుపోతుంది, ఎక్కువైతే ఫిల్ము ఖర్చు. అలా చెవికీ డబ్బు సంచికీ కుదిరిన ఒప్పందం 24. హెచ్.ఎం. రెడ్డి ‘భక్త ప్రహ్లాద’ 1932 ఫిబ్రవరి 6న విడుదలైనప్పుడు ఆ ఒప్పందం తెలుగుకూ వచ్చింది. గోదావరి సీమ వెనకబడి లేదు. కాకినాడ మనిషి సి. పుల్లయ్య సొంత ఊళ్ళోనే మూకీ తీసి, 1934లో కలకత్తా వెళ్ళి ‘లవకుశ’ టాకీ తీశారు. 1936లో నిడమర్తి సూరయ్య రాజమండ్రిలో దుర్గా సినీటోన్ నడిపి ‘సంపూర్ణ రామాయణం’ తీశారు. ఆంధ్ర నేల మీద మొదటి స్టూడియో అది.

ఇక్కడ క్యాబిన్‌లో ఆపరేటరు గురించి చెప్పకుండా ముందుకు పోను. డేరా హాళ్ళలో ఆయనే సగం సినిమా. వెయ్యి అడుగుల రీలు 11 నిమిషాలు. దీపం అంటే రెండు కార్బన్ కడ్డీల మధ్య మండే మంట. కడ్డీలు కరిగిపోతుంటాయి, వాటిని దగ్గరకు జరుపుతూ ఉండాలి. లేకపోతే తెర ఎర్రబడి చీకటి కమ్ముతుంది. ఇంకో చిత్రం కూడా ఉంది. బొమ్మ ఆగి ఆగి నడవాలి, శబ్దం మాత్రం ఆగకుండా నడవాలి. ఒకే ఫిల్ము ఒకేచోట రెండు పనులూ చెయ్యలేదు. అందుకని బొమ్మకు సంబంధించిన శబ్దాన్ని దానికన్నా దాదాపు 20 బొమ్మల ముందు అచ్చువేసేవారు. మధ్యలో ఫిల్మును వదులుగా ఒక చుట్టు ఉంచి, ఆ కుదుపు శబ్దం దాకా పాకకుండా చూసేవారు. ఆ చుట్టు కొంచెం పెద్దదైనా చిన్నదైనా పెదవి ఒక చోట, మాట ఇంకో చోట పడేవి. ఆటకు రెండు లక్షల పైచిలుకు బొమ్మలను నిలబెట్టి కదిలించిన చేతులవి.

టీవీకి రీలు లేదు కాబట్టి 24 అక్కర్లేదు. దానికి ఇంకో యజమాని దొరికాడు. కరెంటు. మన కరెంటు సెకనుకు 50 సార్లు ఊగుతుంది. బొమ్మ వేగం దానితో పొంతన కుదరకపోతే తెర మీద పట్టీలు పాకుతాయని తొలినాటి ఇంజనీర్లు టీవీని కూడా 50కి కట్టేశారు. అయితే సెకనుకు 50 నిండు బొమ్మలు గాలిలో పంపడానికి చోటు చాలదు. దానికి చేసిన ఉపాయం నాకు ఈ చరిత్ర మొత్తంలో ఎంతో ఇష్టమైనది. 625 గీతల బొమ్మలో ముందు బేసి గీతలు పంపుతారు, సెకనులో 50వ వంతు తరవాత సరి గీతలు పంపుతారు. ఒక్కోటి సగం బొమ్మే, దాన్ని ఫీల్డు అంటారు. సెకనుకు 50 ఫీల్డులు, 25 నిండు బొమ్మలు. ముఖ్యమైన సంగతి ఏమిటంటే బేసి గీతల క్షణం వేరు, సరి గీతల క్షణం వేరు. కాబట్టి వీడియో కెమెరా కదలికను సెకనుకు 50 సార్లు చూస్తుంది. సినిమా కెమెరా చూసేది 24 సార్లే.

తెలుగు పల్లెల్లో కొన్నిటికి టీవీ మొదట ఉపగ్రహం నుంచే దిగింది. 1975 ఆగస్టు 1 నుంచి ఏడాదిపాటు ఏటీఎస్–6 ఉపగ్రహంతో ఆరు రాష్ట్రాల్లో 2,400 పల్లెలకు కార్యక్రమాలు వేసిన సైట్ ప్రయోగంలో ఆంధ్రప్రదేశ్ కూడా ఉంది. 1977లో హైదరాబాద్ దూరదర్శన్ కేంద్రం మొదలైంది. తరవాత ‘చిత్రలహరి’ చూసిన తరానికి ఒక తేడా తెలియకుండానే తెలుసు. వార్తలు చదివే మనిషి గాజు అవతల నిజంగా కూర్చున్నట్టుండేవాడు. ఆ వెంటనే వేసిన పాట మాత్రం ‘సినిమాలా’ ఉండేది. తెర ఒకటే, గీతలు అవే. ఒకటి 50 క్షణాలు, ఇంకొకటి 24. పేరు తెలియకపోయినా కన్ను రెంటినీ విడదీసి గుర్తుపట్టింది.

ఆ 24ను 25 టీవీలో ఇరికించడానికి కరెంటు 50 సార్లు ఊగే దేశాలన్నీ చేసిన పని చాలా సులువైనది. సినిమాను కాస్త వేగంగా, 25 చొప్పున నడిపేశారు. 150 నిమిషాల సినిమా 144 నిమిషాలకు ముగుస్తుంది. అలా నడిపితే ఘంటసాల గొంతైనా శ్రుతిలో దాదాపు ముప్పావు స్వరస్థానం పైకి జరుగుతుంది. చెవి పట్టుకోగల తప్పే ఇది. పక్కన పెట్టి పోల్చడానికి హాలు ప్రింటు ఇంట్లో ఉండదు కాబట్టి పట్టుకోలేదు.

ఇక వీడియో టేపు. పాటను టేపు మీద ఎక్కించడం ఒక ఎత్తు, బొమ్మను ఎక్కించడం ఇంకో ఎత్తు. చెవికి సెకనుకు ఇరవై వేల కంపనాలు చాలు. బొమ్మకు లక్షలు కావాలి. అంత ఎక్కాలంటే టేపు విపరీతమైన వేగంతో పరుగెత్తాలి. 1956 ఏప్రిల్‌లో అమెరికా ఆంపెక్స్ కంపెనీ చికాగోలో చూపించిన యంత్రం ఈ చిక్కు విప్పింది. టేపును నెమ్మదిగా నడిపి, రాసే హెడ్డునే గిరగిరా తిప్పారు. 1976లో జపాన్ జేవీసీ తెచ్చిన వీహెచ్ఎస్ ఆ సూత్రాన్ని ఇంట్లోకి తెచ్చింది. మన పద్ధతి డెక్కులో డ్రమ్ము సెకనుకు 25 చుట్లు తిరుగుతుంది, దానికి రెండు హెడ్డులు. ఒక్కో హెడ్డు అర చుట్టులో ఒక ఫీల్డును టేపు మీద ఏటవాలు గీతగా రాస్తుంది. మట్ట వెంట వాలుగా అమరిన కొబ్బరాకుల్లా ఆ గీతలు టేపు పొడవునా పక్కపక్కనే ఉంటాయి. టేపు కదిలేది సెకనుకు రెండున్నర సెంటీమీటర్ల లోపే. అందులోనే 50 క్షణాలు.

1980లలో ‘టీవీ డెక్కు’ అద్దెకు తెచ్చి రాత్రంతా మూడు సినిమాలు చూడటం మన పల్లెల్లో పండగ. మూడు గంటల క్యాసెట్లో తెలుగు సినిమా చక్కగా పట్టేది. అయితే కోనసీమకు వీడియో ఇచ్చిన అసలు సంగతి అద్దె సినిమా కాదు, పెళ్ళి క్యాసెట్టు. ఇక్కణ్ణుంచి కువైట్, దుబాయ్, మస్కట్ వెళ్ళినవాళ్ళు ఎందరో. సెలవు దొరక్క చెల్లెలి పెళ్ళికి రాలేని అన్నకు ఆ క్యాసెట్టే పెళ్ళి. అమెరికా వెళ్ళినవాళ్ళకు ఇంకో బాధ. అక్కడి కరెంటు 60, టీవీ 525 గీతలు. ఇక్కడి క్యాసెట్టు అక్కడి మామూలు డెక్కులో పెడితే బొమ్మ నిలవదు. మార్పించుకుంటే వస్తుంది గానీ, 50ని 60 చేసే సర్దుబాటులో కదలిక తడబడుతుంది. సముద్రాల కన్నా ఈ పది అంకెల దూరం కొన్ని ఇళ్ళకు ఎక్కువైంది.

ఆ క్యాసెట్లను పెళ్ళి జ్ఞాపకంగానే చూస్తున్నాం. చరిత్రగా చూడటం లేదు. అంబాజీపేట కొబ్బరి మార్కెట్టుకు పేరున్న ఊరు. 1996 నవంబరు 6 తుపాను ఆ సీమ కొబ్బరి తోటలను నేలకూల్చింది. అంతకు ముందు తీసిన పెళ్ళి వీడియోలో ఊరేగింపు వెనక కనపడేది కూలకముందు తోట. పెంకుటింటి మండువా, కాలవ గట్టు, దింపు తీసేవాళ్ళు, కొబ్బరి రాశులు పక్కగా పోతుంటాయి. వీడియో తీసినవాడు వాటిని తియ్యాలనుకోలేదు, అవి పడ్డాయి.

ఇంకో ఉదాహరణ ఇస్తాను. అంబాజీపేట మండలం మొసలపల్లి దగ్గర జగ్గన్నతోటలో కనుమ నాడు పదకొండు ఊళ్ళ ఏకాదశ రుద్రులు ప్రభల మీద కలుసుకుంటారు. 2023 జనవరి 26న ఢిల్లీ పెరేడ్‌లో ఆంధ్రప్రదేశ్ శకటంగా వెళ్ళింది ఈ ప్రభల తీర్థమే. గంగలకుర్రు, గంగలకుర్రు అగ్రహారం ప్రభలు వెదుళ్ళ ఎత్తుతో, రంగు వస్త్రాలతో ఎగువ కౌశిక కాలవలో దిగి దాటుతాయి. మోసేవాళ్ళ భుజాల కింద ఒక్కో అడుగుకూ ప్రభ ఊగుతుంది, నీళ్ళు చిమ్ముతాయి. ఫొటోలో ఆ ఊపు లేదు. సినిమా 24లో అది అందంగా, కాస్త కలలా ఉంటుంది. పాత వీడియో టేపులో మాత్రం ఆ ఊపు 50 క్షణాలుగా, గట్టు మీద నిలబడి చూసినంత దగ్గరగా ఉంటుంది. రంగులు వెలిసినా, గీతలు మసకబారినా కదలిక విషయంలో ఆ టేపు సినిమా కన్నా ఎక్కువ సాక్ష్యం చెబుతుంది.

ఆ సాక్ష్యమే ఇప్పుడు రెండు విధాల పోతోంది. ఒకటి తేమ. గోదావరి పాయల మధ్య గాలిలో టేపుకు తెల్లని బూజు పడుతుంది, అయస్కాంతపు పూతను పట్టి ఉంచే జిగురు మెత్తబడుతుంది. ప్రపంచంలో వీహెచ్ఎస్ డెక్కులు చేసిన చివరి కంపెనీ జపాన్ ఫునాయ్ 2016 జులైలో తయారీ ఆపేసింది, కాబట్టి ఉన్న హెడ్డులు అరిగితే కొత్తవి రావు. రెండోది మనం చేతులారా చేస్తున్నది. క్యాసెట్టును పెన్‌డ్రైవులోకి మార్చేచోట చాలాసార్లు రెండేసి ఫీల్డులను కలిపో, ఒకదాన్ని పారేసో సెకనుకు 25 బొమ్మలు చేసి ఇస్తున్నారు. ఫైలు చిన్నదవుతుంది, ఫోనులో బాగానే ఆడుతుంది. ఉన్న కదలికలో సగం పోతుంది. పోయిందని ఎవరికీ తెలియదు, ఎందుకంటే మిగిలిన సగంతోనే కన్ను సర్దుకుంటుంది.

కాబట్టి ఈ భాగం చదివినవాళ్ళకు నా మనవి ఇది. బీరువా మీది క్యాసెట్లు దింపి చూడండి. క్యాసెట్టు కిటికీలోంచి టేపు మీద తెల్లని పొడి కనపడితే డెక్కులో పెట్టకండి, శుభ్రం చెయ్యడం తెలిసినవాళ్ళకే ఇవ్వండి. బాగున్నవాటిని పడుకోబెట్టకుండా నిలువుగా, తేమ లేనిచోట ఉంచండి. ఈ ఏడాదే మార్పించండి. ఇచ్చేటప్పుడు ఒక్క మాట గట్టిగా చెప్పండి: సెకనుకు 50 కావాలి, ఫీల్డులు కలపకూడదు. 25 చాలంటే ఆ షాపు వదిలి ఇంకోటి చూసుకోండి.

(సశేషం)